వెంకటనర్సమ్మ రుద్దిన కాలు

నడిగూడెంలో ఎవరింట్లో కాన్పయినా మొదట వినబడే మాట "వెంకటనర్సమ్మను పిలువున్రి" అనే. ఆమె వచ్చి, కొంగు బొడ్లో దోపుకుని, పీట మీద కూర్చుని పసిగుడ్డును కాళ్ల మీద వేసుకుందంటే ఇక ఆ తల్లి నిశ్చింతగా కళ్లు మూసుకోవచ్చు. బాలింతకు ఒళ్లంతా నూనె పట్టించి, ఒక్క నరం వదలకుండా రుద్ది, వేడినీళ్లు పోసి, సాంబ్రాణి పొగ వేసి మంచమెక్కించేది. ఎక్కించాక మాత్రం దిగనిచ్చేది కాదు. దాహమంటే గుటకెడు నీళ్లిచ్చి, "ఎక్కువ తాగితే పొట్ట పెరుగుతదే, సప్పుడు చెయ్యకుండ పండు" అని కసిరేది. నోరు గయ్యాళిదైనా చేతులు బంగారమని ఊరంతా చెప్పుకునేది. ఆ సంగతి ఆమెకూ తెలుసు, కాస్త ఎక్కువగానే తెలుసు.

అలాంటి మనిషి సొంత కూతురు కాన్పుకు వస్తే ఊరుకుంటుందా? రమ్యకు కోదాడలో ఆపరేషన్ చేసి మగపిల్లాడిని తీశారు. ఇంటికి తెచ్చింది మొదలు కూతురిని నేల మీద కాలు పెట్టనివ్వలేదు, గుటకెడుకు మించి నీళ్లు తాగనివ్వలేదు. కుట్లు మానాయో లేదో నూనె గిన్నె పట్టుకుంది. ఒకనాడు రమ్య, "అమ్మా, ఎడమ పిక్క గుంజుతుందే" అంది. చూస్తే కాలు కొంచెం ఉబ్బింది, ముట్టుకుంటే వెచ్చగా తగిలింది. "నరం పట్టింది, గిదేం రోగమా?" అని వెంకటనర్సమ్మ ఆముదం వెచ్చబెట్టి పిక్కను కింది నుంచి పైకి గట్టిగా రుద్దింది. రమ్య కెవ్వుమన్నా వదల్లేదు. మర్నాడు పొద్దున మళ్లీ రుద్దింది. రుద్దించుకుని లేస్తూనే రమ్య ఛాతీ పట్టుకుంది. "అమ్మా, ఈడ పొడిసినట్టయితుంది. దమ్ము ఆడుతలేదు." "గ్యాసే" అని తల్లి వామునీళ్లు తాపింది. కాసేపటికి నొప్పి తగ్గింది.

ఆ మధ్యాహ్నమే అల్లుడు ఉపేందర్ వచ్చాడు. మిర్యాలగూడ రైస్ మిల్లులో పని అతనిది. వడ్ల సీజన్‌లో సెలవెక్కడిది, దొరికిన ఆ పూట కొడుకును చూసిపోదామని బండేసుకుని వచ్చాడు. కొడుకును ఎత్తుకోకముందే భార్య కాళ్ల మీద కన్ను పడింది. "ఇదేంది? ఒక కాలు సన్నం, ఒక కాలు లావు?" అత్త ఏదో చెప్పబోయింది, అతను వింటేగా! ఆటో పిలిచి అందరినీ కోదాడకు ఎక్కించుకుపోయాడు.

దవాఖానలో రక్తం తీశారు. డాక్టరమ్మ కంటే ముందు కాగితం వచ్చింది. డి-డైమర్ అని ఉంది, ఉండాల్సిన దానికి ఎన్నో రెట్లు ఎక్కువ అంకె ఉంది. ఉపేందర్ ఆ పేరు ఫోన్లో కొట్టి చూశాడు. చూశాక అతని మొహంలో నెత్తురు లేదు. "అత్తమ్మా, కరోనాల మా మిల్లు జంగయ్యకు గిదే పెరిగింది. మనిషి ఖతమైండు." వెంకటనర్సమ్మ బెంచీ మీద కూర్చుంది, లేచింది, మనవడిని ఆ భుజం మీంచి ఈ భుజం మీదికి మార్చింది, గుమ్మం దాకా పోయి వచ్చింది. ఎక్కడా నిలువలేకపోయింది పాపం.

డాక్టర్ శ్రీవాణి వచ్చి కాగితం చూసి బల్ల మీద పడేసింది. "దీన్ని చూసి ఎందుకండీ అంత కంగారు? ఒంట్లో రక్తం గడ్డకట్టి కరుగుతుంటే ఇది పెరుగుద్ది, నిజమే. కాన్పయినా పెరుగుద్ది, ఆపరేషనైనా పెరుగుద్ది, జ్వరాలకూ పెరుగుద్ది. ఉండాల్సినంతే ఉంటే గడ్డ లేదనుకోవచ్చేమో గానీ, ఎక్కువుందని గడ్డ ఉందనుకోలేం. అందులోనూ బాలింతకు."

హమ్మయ్య అనుకుంది వెంకటనర్సమ్మ. అంతలోనే డాక్టరమ్మ టేపు తీసి రెండు పిక్కలూ కొలిచింది. "నా భయం అంకెతో కాదు, ఈ కాలుతో. స్కానింగ్ డాక్టరు ఇవాళ ఇక్కడ లేరు. అంబులెన్స్ పిలుస్తాను, సూర్యాపేట వెళ్లిపోండి. ఆ కాలు మాత్రం ఎవ్వరూ రుద్దకండి. గడ్డే ఉంటే ఊడి ఊపిరితిత్తుల్లోకి పోద్ది. ప్రాణం మీదికొస్తుంది."

సూర్యాపేట దాకా ఆ తల్లి పడ్డ బాధ పగవాళ్లకు కూడా వద్దు. చెప్పాలా, మానాలా? చెబితే అల్లుడి ముందు తలెత్తుకోలేదు. ఊళ్లో తెలిస్తే ఇన్నేళ్ల పేరు బుగ్గిపాలు. చెప్పకపోతే? పొద్దున కూతురు ఛాతీ పట్టుకున్న సంగతి తల్లీకూతుళ్లకు తప్ప ఎవరికీ తెలియదు. "దమ్ము మంచిగ వస్తుందా బిడ్డా?" అని అడిగింది. రోడ్డు మలుపు తిరగ్గానే మళ్లీ అడిగింది. "ఎన్నిసార్లడుగుతవే అమ్మా!" అని రమ్య విసుక్కుంది.

సూర్యాపేటలో స్కానింగ్ చేసిన డాక్టరు పెదవి విరిచాడు. పిక్క నుంచి తొడ దాకా నరంలో గడ్డ ఉంది. "ఛాతీల నొప్పిగాని, ఆయాసంగాని వచ్చిందా అమ్మా? కాలు ఎవరన్న రుద్దిన్రా?" అని అడిగాడు.

రమ్య తల్లి వైపు ఒక్క చూపు చూసింది. "లేదు సార్. నాకేం రాలే. ఎవ్వరు రుద్దలే."

డాక్టరు తలూపి రాసుకోబోయాడు. వెంకటనర్సమ్మ గొంతు గది అదిరేలా లేచింది. "అబద్ధం సార్! నేనే రుద్దిన. నిన్న రుద్దిన, పొద్దున రుద్దిన. రుద్దంగనే ఛాతీల పొడిసిందన్నది, దమ్ము ఆడుతలేదన్నది. గ్యాసని వామునీళ్లు తాపిన. నా బిడ్డను బతికియ్యున్రి సార్!"

ఉపేందర్ ఆమె భుజం మీంచి కొడుకును తన చేతుల్లోకి తీసుకున్నాడు. నాలుగు తిట్టినా బాగుండు అనిపించింది ఆమెకు.

వెంటనే ఛాతీకి స్కాన్ తీశారు. ఊపిరితిత్తిలో చిన్న ముక్క చిక్కుకుని ఉంది. ఇంజెక్షన్ మొదలుపెట్టి రమ్యను ఐసీయూలోకి తీసుకుపోయారు. "మీరు చెప్పకుంటే కాలుకు మందిచ్చి మామూలు వార్డుకు పంపేటోన్ని" అన్నాడు డాక్టరు. "టైముకు పట్టినం. గండం గట్టెక్కుతదనే అనుకుంటున్న. గడ్డ మీవల్ల కట్టిందని నేననను. ఆపరేషన్ అయింది, ఆ మీదట మంచం దిగకుండ పండుడు, నీళ్లు తాగకపోవుడు, అన్ని కలిసినయి. రుద్దుడు మాత్రం..." ఆ మాట పూర్తి చేయకుండానే ఆయన వెళ్లిపోయాడు. పూర్తి చేయాల్సిన అవసరం ఏముంది?

లోపలికి పంపినప్పుడు రమ్య ముక్కుకు ఆక్సిజన్ గొట్టం ఉంది. తల్లిని చూడగానే కళ్లనీళ్లు పెట్టుకుంది. "ఎందుకు చెప్పినవే అమ్మా? ఇగ ఊళ్లె నిన్నెవరు పిలుస్తరే?"

వెంకటనర్సమ్మకు ఏడుపూ కోపమూ ఒక్కసారే పొంగుకొచ్చాయి. "నోర్ముయ్యే! నా పేరు నిలబెట్టనీకి నువ్వు సస్తవా?" అని కసిరి, మంచం పక్కన కూలబడి వెక్కివెక్కి ఏడ్చింది.