చింతపిక్కల వారి పుస్తకాలు

2023లో కూడా నా పాత పుస్తకాల దుకాణం కొత్తగూడ ఫ్లైఓవర్ పక్కనే ఉంది. విశాలమైనదే, ఒకరు తుమ్మాలంటే ఇంకొకరు బయటికెళ్లాలి, అంతే. మా వృత్తిలో షెల్వింగ్ అంటే ఏ సబ్జెక్టు పుస్తకాన్ని ఆ అరలో సర్దడం. ఆ శాస్త్రాన్ని శ్రావణి అనే సాఫ్ట్‌వేర్ అమ్మాయి లంచ్ బ్రేక్‌లో వచ్చి కూల్చేసింది.

"అంకుల్, చింతపిక్కల ఇంటిపేరున్న రచయితల పుస్తకాలు కావాలి. సబ్జెక్టు ఏదైనా పర్లేదు."

"ఇంటిపేరు చూసి పుస్తకం కొనుడేందమ్మా?"

తనది ఆ ఇంటిపేరే. ప్రేమించిన కడప అబ్బాయి నవీన్‌దీ అదే. "గోత్రాలు వేరు, ఊళ్లు వేరు. నాన్న మాత్రం ఇంటిపేరు ఒకటైతే అన్నాచెల్లెళ్లే అంటున్నారండి. వచ్చే నెల కాకినాడ సంబంధం ఖాయం చేసేస్తారట. ఆ పుస్తకాలన్నీ ఆయన ముందు పెట్టి, ఇంతమందీ మన చుట్టాలేనా అని అడుగుతాను."

"ఫికర్ చెయ్యకు బిడ్డా" అని, ఆ వారమంతా హిమాలయమంత దుమ్ము తవ్వాను. గేదెల జబ్బులు, ఇన్‌కంటాక్స్, జ్యోతిషం, ఆల్జీబ్రా, ఊరగాయలు... చింతపిక్కల వారు చెయ్యిపెట్టని విద్య లేదు!

ఆదివారం తండ్రిని వెంటబెట్టుకొచ్చింది. రిటైరైన ఇరిగేషన్ ఇంజనీరు. పుస్తకాల గుట్ట చూడగానే ఆయన ఛాతీ రెండు అరలు ఆక్రమించింది.

"ఇంతమందీ మన చుట్టాలేనా నాన్నా?"

"కాక మరి! చూశారాండీ, ఆవకాయ నుంచి ఆల్జీబ్రా దాకా అందరూ మావాళ్లే! ప్రతిభ మా రక్తంలోనే ఉందండి!"

శ్రావణి మొహం వాడిపోయింది. వేసిన ఎత్తు ఎదురుతిరిగింది. ఆయన వాస్తు కోసం గోపన్‌పల్లి ఫ్లాట్‌లో వంటగదిని అన్ని దిక్కులకూ తిప్పిన మనిషని ఆ పిల్లే నాకు చెప్పింది. అందుకే బల్ల కింద దాచిన పుస్తకమొకటి తీసి అందించాను. వాస్తును ఉతికి ఆరేసిన పుస్తకం. రాసినాయన ఇంటిపేరు చింతపిక్కల.

ఒక్క పేజీ చదివారు. ఫ్యాన్ కూడా భయపడి ఆగింది.

"ఛీ ఛీ! ఎవడండీ వీడు? మావాడు కాదు!"

"ఇంటిపేరు మీదే కద సార్, జర చూడుండ్రి."

"ఇంటిపేరు ఒకటైతే ప్రతివాడూ మావాడైపోతాడా ఏంటండీ?"

"మరి నవీన్ ఎలా అయ్యాడు నాన్నా?" అంది శ్రావణి, మెల్లగా.

ఆయన అట్ట మీది ఇంటిపేరు మళ్లీ చదివారు. చివరికి అరలు కదిలేలా నవ్వారు. "అయితే ఈ పుస్తకం రాసినవాణ్ణి వదిలించుకోవాలంటే ఆ కడప కుర్రాణ్ణి అల్లుణ్ణి చేసుకోవాలన్నమాట! సరే, రమ్మను."

పెళ్లిలో స్వాగతం బోర్డు మీద రెండువైపులా చింతపిక్కల వారే. ఎటువైపు వాళ్లమో తేలక కొందరు రెండు పంక్తుల్లోనూ భోంచేశారు, వారిలో నేనొకణ్ణి.

కొనడానికొచ్చిన గిరాకీకి నచ్చేవే చూపాలని అన్నేళ్లూ నమ్మాను. నచ్చినవన్నీ ఆయన్ని ఉన్నచోటే కూర్చోబెట్టాయి. కదిలించింది నచ్చని పుస్తకమే. అందుకే ఇప్పుడు ప్రతి గిరాకీకీ నచ్చనిదొకటి కూడా చేతిలో పెడతాను. ఆ రోజు ఆయన ఒక్క పుస్తకమే కొన్నారు. అదే, ఇంకెవరి కంటా పడకూడదని.