పెద్ద కోర్టు కాయితం

నిజామాబాద్ బస్టాండు పక్కన చెరకు రసం గానుగ తిరుగుతుంటే వచ్చే పచ్చి తీపి వాసనకు అందరికీ నోరూరుతుంది. నేను మాత్రం ఈ వయసులోనూ ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుని దాటిపోతాను.

బోధన్ పక్క మా ఊళ్ళో చలికాలమంతా అదే వాసన. ఫ్యాక్టరీకి పోయే బండ్ల వెనక పరిగెత్తి చెరకు గడలు లాక్కోవడం, ఉడకబెట్టిన అనపకాయలు ఒడిలో పోసుకుని ఒలుచుకు తినడం, ఎండపొడలో కూర్చుని అచ్చనగండ్లు ఆడుకోవడం, ఇవే మా ఆడపిల్లల పనులు. ఆ ఏడు మాత్రం ఠాణా జవాను సైకిల్ గంట వినిపిస్తే చాలు, ఎగరేసిన రాయిని పట్టుకోవడం మరిచిపోయేదాన్ని. ఊరి పెద్ద ఆసామి బావి మీది ఇంజనును దొంగలెత్తుకుపోయారు. పక్క చేను మాది కావడమే మా బాపు చేసిన నేరం. ఆయన మీద కేసు రాయలేదు, పిలవడం మాత్రం మానలేదు. పొద్దున పోయి ఠాణా ముందు గొంతుక్కూర్చుంటే పొద్దుగూకేదాకా లేవనిచ్చేవారు కాదు. కొన్ని రోజులు అరికాళ్ళు వాచి వచ్చేవాడు. ఠాణాకు పెద్దయిన అమీన్ సాబ్‌కు చుట్టమని ఊళ్ళోవాళ్ళు మేలమాడేవారు. చేలో చెరకు ఎండిపోతున్నా కొట్టే దిక్కు లేదు.

చివరికి మా మేనమామ నిజామాబాద్ వకీలు దగ్గరికి తీసుకుపోతే, ఆయన హైకోర్టులో అర్జీ వేయించాడు. ఠాణావాళ్ళతో పెట్టుకోవడం కొరివితో తల గోక్కోవడమేనని అవ్వ, అంటే మా అమ్మ, ఒకటే ఏడుపు. కానీ నెల తిరక్కుండా ఉత్తర్వు వచ్చింది: రాతలో నోటీసు ఇవ్వకుండా ఇతన్ని ఠాణాకు పిలవకూడదు, వేధించకూడదు. కాయితం ఇంట్లో భద్రంగా పెట్టుకో, ఎవరు పిలిచినా నోటీసు అడుగు అని వకీలు పదిసార్లు చెప్పి పంపాడు.

మా దిక్కున ఒక రివాజు ఉండేది. పైనుంచి ఏ కాయితం వచ్చినా ముందు దానికి సంబంధించిన ఇక్కడి అధికారికి చూపి దండం పెట్టాలి. పట్టా వచ్చినా, బావి మంజూరైనా అంతే. వట్టి చేతులతో పోకూడదు కూడా. మర్నాడు పొద్దున్నే బాపు ఉతికిన ధోవతి కట్టి, గంపనిండా అనపకాయలు పోశాడు.

"ఏడికి?" అంది అవ్వ.

"పెద్ద కోర్టు మన మాటిన్నది. అమీన్ సాబ్‌కు సెప్పకుంటె బాగుండదు. సూపిచ్చి, దండం పెట్టొస్త."

మూడో రోజు మధ్యాహ్నం ఆయన్ను బండిలో వేసుకొచ్చారు. కుడిచెయ్యి మోచేతి దగ్గర విరిగి వేలాడుతోంది. కాయితం ఠాణాలోనే ఉండిపోయింది. వకీలు మళ్ళీ కోర్టుకెక్కితే, మేం పిలవలేదు, అతనే వచ్చాడు, తిరిగిపోతూ ఎక్కడో పడ్డాడు అని వాళ్ళు జవాబు రాసిచ్చారు. పడ్డాడన్నది అబద్ధం. తనంతట తానే పోయాడన్నది మాత్రం నిజం, ఊరంతా చూసింది. అర్జీ అక్కడే ఆగిపోయింది.

ఇంజను ఎండాకాలంలో ఇంకెవరి దగ్గరో దొరికింది. బాపు మాత్రం మళ్ళీ కొడవలి పట్టలేదు.

ఇప్పుడు ఫ్యాక్టరీ మూతబడింది. చెరకు బండ్లు లేవు, వాటి వెనక పరిగెత్తే పిల్లలూ లేరు. మా చేలో వరి వేస్తున్నారు, అదిప్పుడు మాది కాదు. బాపూ లేడు. ఆ పొద్దున పోవద్దని నేను ఒక్క మాట అంటే ఆగేవాడేమో. అనలేదు. ఇక మా కష్టాలు తీరాయని సంబరపడి, ఆ గంప ఆయన తలకెత్తింది నేనే.