బర్రెను తిట్టిన గొంతు

అమీర్‌పేటలో మైత్రీవనం ముందు కరపత్రాలు పంచేవాళ్లు పోయేవాళ్లందరి చేతుల్లో కోచింగ్ సెంటర్ల కాగితం కుక్కుతారు. నా మొహం చూడగానే చెయ్యి వెనక్కి తీసుకుంటారు. ఏడో తరగతిలో బడి మానేశానని నుదుటి మీద రాసుందేమో!

ఆ చదువుతోనే పన్నెండేళ్లుగా పల్లెల మీద సినిమాలు తీస్తున్నాను. మూడు పూర్తయ్యాయి, నాలుగోది సగంలో ఉంది. ఆ మూడూ పూర్తిగా చూసింది నేనూ, ఎడిటరూ. అతను కునికిపాట్లు పడ్డ సీన్లు కూడా నాకు గుర్తే.

మూడో సినిమాలో ఒక పెద్దమ్మ ఉంది. నటి కాదు. తన దొడ్లో పాలు పిండుతూ బర్రెను తిడుతుంటే తీశాను. "నిలవడవే, నీ నోట్ల మన్నువడ! పొద్దుందాక నీతోనేనా?" అని అరిస్తే బర్రె బుద్ధిగా నిలబడేది. సినిమా కొంటానన్న ఆయనకు మాత్రం అది రుచించలేదు. "ఆవిడ ఏమంటుందో అర్థం కావట్లేదండీ. మంచి తెలుగులో చెప్పించండి," అన్నారు. తలూపాను. పంజాగుట్టలో ఒక డబ్బింగ్ థియేటర్లో వేరే ఆమెతో చెప్పించాను. పెద్దమ్మ గొంతున్న హార్డ్ డిస్కు ఖాళీ చేసి నాలుగో సినిమాకు వాడుకున్నాను. ఆయన కొననే లేదు.

మొన్న వానాకాలంలో పెద్దమ్మ పోయింది. నెల తిరిగాక ఆమె బిడ్డ అమీర్‌పేటలో నా గది వెతుక్కుంటూ వచ్చింది. బల్కంపేటలో బట్టలు కుడుతుందట.

"ఫోటోలు ఉన్నయన్నా. గొంతే లేదు. ఒక్కసారి ఇనిపియ్యి."

ల్యాప్‌టాప్‌లో పెట్టాను. కొంగుతో మొహం తుడుచుకుని దగ్గరికి జరిగింది. పెద్దమ్మ పెదవులు కదిలాయి. "కాస్త నిలబడవే తల్లీ, ఎంతసేపని నీతో," అంది గొంతు.

"గీమె ఎవరన్నా?"

డబ్బింగ్ సంగతి చెప్పాను.

"మరి మా అమ్మ గొంతేది?"

డిస్కులోంచి తుడిచేశానని చెప్పాను. ఆమె ఏడవలేదు. ఆ ముక్కే మళ్లీ పెట్టమంది. ఈసారి సౌండు పూర్తిగా తీసేయించి చూసింది. తెర మీద పెదవులతో పాటు తన పెదవులూ కదిలాయి.

బస్సు దాకా వెంట నడిచాను. మైత్రీవనం ముందు ఒకతను ఆమెకు కాగితం ఇచ్చి నన్ను వదిలేశాడు. నోరు మూసుకుని నడవడం చేతకాక నా పాత జోకే వేశాను. "చూసినవా చెల్లె, నాకు సదువు రాదని వీళ్లకు సుత తెలిసిపోయింది."

ఆమె ఆ కాగితాన్ని మడిచి నా చేతిలో పెట్టింది.

"మా అమ్మ బడి మొకమే సూడలె. గసొంటామెకు గంత సక్కటి తెలుగు నేర్పినవ్. నీకు సదువు రాదంటె ఎట్ల నమ్మాలన్నా?"