అక్క ఆడిన ఆల్‌స్టార్ మ్యాచ్

ఈ ఆదివారం పొద్దున్నే ఫోన్‌లో అమెరికా ఆడవాళ్ల బాస్కెట్‌బాల్ ఆల్‌స్టార్ మ్యాచ్ వచ్చింది. లీగులోని మేటి ఆటగత్తెలను ఏరి, రెండు జట్లు చేసి ఆడించే ఆట అది. "చూస్తవా అక్కా?" అని పిలిచాను. అక్క జడ వేసుకుంటూనే, "నువ్వు చూడు. నాకు డ్యూటీకి టైమైతాంది" అంది. అత్వెల్లి దగ్గర ఒక గోదాంలో ప్యాకింగ్ పని ఆమెది, ఆదివారమూ సెలవుండదు. ఆమె గేటు దాటాక నాకూ చూడబుద్ధి కాలేదు.

మా అక్క కూడా ఒకసారి ఆల్‌స్టార్ మ్యాచ్ ఆడింది. నగరంలో ఎవరో పెద్దమనుషులు ఆడపిల్లలకు జీతమిచ్చి ఆడించే లీగు మొదలుపెట్టారు. మేడ్చల్‌లో, వాన పడితే మడుగయ్యే సిమెంటు కోర్టులో ఆట నేర్చిన అక్క అందులో చేరి, తొలి ఏడాదే ఆ మ్యాచ్‌కు ఎంపికైంది. మా బాపు శామీర్‌పేట రూట్లో ఆటో నడిపేవాడు. ఆ రోజు గిరాకీ మానుకుని, ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, మమ్మల్నందరినీ అదే ఆటోలో తీసుకెళ్లాడు. "గా నిక్కర్లేంది, గా ఉరుకుడేంది?" అని దారి పొడవునా సణిగిన మా అవ్వ, తీరా అక్కడికి వెళ్లాక బుట్టలో బంతి పడిన ప్రతిసారీ చప్పట్లు కొట్టింది, అవతలి జట్టు వేసినా సరే.

రెండో సగంలో అక్క బంతి కోసం ఎగిరింది. దిగడంలో కాలు మెలిపడి కుప్పకూలింది. బాపు అడ్డకట్టె దాటి ఉరికాడు. "చెప్పులతో కోర్టులోకి రావద్దు!" అని ఎవరో అరిచారు. ఆయన ఆగి, చెప్పులు తీసి పక్కన పెట్టి, వట్టి కాళ్లతో వెళ్లాడు. "బాపూ, గీ కాలు నాది కానట్టే ఉంది" అంది అక్క. స్ట్రెచర్ తలుపు దాటకముందే నేల తుడిచి, పాట పెట్టి, ఆట మళ్లీ మొదలుపెట్టారు. అవ్వ ఒక్కతే లేచి నిలబడి, "పిల్ల పడ్డది, జర ఆపుండ్రి!" అని అరుస్తూనే ఉంది. ఆ మోతలో ఆమె గొంతు ఎవరికీ వినపడలేదు.

మోకాల్లో లిగమెంట్ తెగిందన్నారు. లీగువాళ్లెవరూ ఆస్పత్రికి రాలేదు. మేము ఆపరేషన్ డబ్బుల కోసం ఏళ్ల తరబడి తిరుగుతుండగానే ఆ లీగే మూతపడింది. "ఓపిక పట్టమ్మా, మళ్ల ఉరుకుతవు" అన్నాడు డాక్టరు. ఆయన మాట అబద్ధం కాలేదు. ఇప్పుడు అక్క బస్సు అందుకోవడానికి బాగానే ఉరుకుతుంది. ఆ కాలు బాగవడానికీ, ఆమెకు ఆడే వయసు దాటిపోవడానికీ సరిగ్గా ఒక్కటే కాలం పట్టింది.