పురుడు పోసిన చెయ్యి

ఎవరైనా రాయగల ఒక ఆన్‌లైన్ విజ్ఞాన సర్వస్వంలో, కళ్ళజోళ్ళాయన తన దుకాణంలో నెల రోజులు కూర్చుని రాసిన పేజీని ముక్కూ మొహం తెలియని మనిషెవరో ఒక్క నొక్కుతో తీసిపారేశాడు. కారణం కింద రెండే మాటలు రాశాడు: "ప్రాముఖ్యత లేదు." ఆ పేజీ, తన ఇంట్లోనే నాలుగు మంచాలు వేసి పురుటి ఆసుపత్రి నడిపిన మంత్రసాని గురించి. ఆ సర్వస్వంలో గుర్రమెక్కి ఊళ్ళు తగలబెట్టిన ప్రతివాడికీ చోటుంది. ఆవిడకే లేకపోయింది.

ఆయన ఎవరితోనూ తగువు పెట్టుకోలేదు. బేరాలు లేనప్పుడల్లా, జోళ్ళకు మరలు బిగించే ఓపికతోనే పాత పత్రికలు తిరగేసి, ఆధారాలు చూపి పేజీని మళ్ళీ నిలబెట్టాడు. అంతటితో ఊరుకుంటే ఆయన ఆయనెలా అవుతాడు? ఆవిడ చేతుల్లో పుట్టి పేరు తెచ్చుకున్న జడ్జీలు, గాయకులు, ఆటగాళ్ళ ఇళ్ళకు వెళ్ళి అడిగి మరీ, వాళ్ళ పేజీలన్నిటిలో 'పురుడు పోసింది ఫలానావిడ' అని చేర్చాడు. ఆ పేరు నొక్కితే ఆవిడ పేజీ వచ్చేలా లింకు పెట్టాడు.

ఆయన కూతురు కాలేజీలో పరిశోధన చేస్తోంది. ఈ ప్రాంతపు చరిత్రలో ఎవరి ప్రభావం ఎంతో అదే సర్వస్వంలోంచి తేల్చాలి. ఎవరి పేజీకి ఎక్కువ లింకులుంటే వాళ్ళు అంత గొప్ప. పేపరు అచ్చయితే అక్కడే ఉద్యోగం ఖాయం. లెక్క తేలిన రోజు ప్రొఫెసరు పగలబడి నవ్వాడు.

"రాజులందరి నెత్తినా ఎక్కి కూర్చుంది, ఎవరమ్మా ఈ మంత్రసాని? ఎవడో పనిలేనివాడి నిర్వాకం. ఆ లింకులు పీకేసి మళ్ళీ లెక్క కట్టు."

ఆ పనిలేనివాడెవరో ఆమెకు వెంటనే తెలిసిపోయింది. తిన్నగా దుకాణానికి వెళ్ళింది.

"నా కొంప ముంచావు నాన్నా! జడ్జి పేజీలో మంత్రసానికేం పని?"

"ఆయన పుట్టాడుగా."

"పుట్టడం ఏం గొప్ప? అందరూ పుడతారు."

"ఆ మాట మీ అమ్మ నొప్పులు పడుతున్నప్పుడు అనాల్సింది. అడ్డం తిరిగావు నువ్వు. పెద్దాసుపత్రి వాళ్ళు చేతులెత్తేశారు. ఆవిడే నిన్ను బయటికి లాగింది." ఆయన స్క్రూడ్రైవరు పక్కన పెట్టాడు. "లెక్కలోంచి తీసేస్తే తీసెయ్యి, నీ ఇష్టం. వీళ్ళంతా పుట్టకుండానే గొప్పవాళ్ళయ్యారని రాసుకోమను మీ సార్ని."

ఆమె ఆ రాత్రంతా అటూ ఇటూ దొర్లింది. మర్నాడు ప్రొఫెసరుతో అంది: "ఆ లింకుల్లో అబద్ధం ఒక్కటీ లేదు సార్. తీసేస్తే, ఎందుకు తీశామో పేపర్లో రాద్దాం."

"నువ్వా నాకు నేర్పేది?" అన్నాడాయన.

పేపరు అచ్చయింది. అందులో మంత్రసాని లేదు, కూతురి పేరూ లేదు.

ఆ తర్వాత దుకాణానికి వచ్చినప్పుడు ఆమె ఆ పేపరు బల్లమీద పెట్టింది. కళ్ళజోళ్ళాయన మొదటి పేజీ చూసి పక్కకు జరిపాడు.

"మరి ఉద్యోగం?"

"ఇంకెక్కడైనా చూసుకోవాలి."

ఆయన ఆమె కళ్ళజోడు తీసుకుని, తుడిచి, మళ్ళీ ఆమె ముక్కు మీద పెట్టాడు.

"పోనీలే తల్లీ. ఆవిడ నిన్ను బయటికి లాగడం ఇది రెండోసారి."