దయ్యానికి రాసిన ఇడుపు కాయితం

1988 ఎండాకాలంలో నన్ను విశ్వవిద్యాలయం నుంచి పురావస్తు శాఖకు డెప్యుటేషన్ మీద పంపారు. నా హోదా రీడరు. అంటే లెక్చరరుకు పైన, ప్రొఫెసరుకు కింద, రెండు వైపుల నుంచీ పని చెప్పించుకునే జాగా. నా విషయం అరామిక్ భాష. అరబ్బీకి, హీబ్రూకి అక్కచెల్లెలి వరస అవుతుంది. ఒకప్పుడు పడమటి ఆసియాలో బజారులోనూ కచేరీలోనూ నడిచిన భాష అది. రబ్బీలనే యూదు ధర్మగురువులు పెండ్లి, విడాకులు, పొలం గట్టు, సాక్ష్యం వంటి వాటి మీద తరతరాలుగా చేసిన వాదనలు చాలావరకు ఆ భాషలోనే ఉన్నాయి. నేను చదువుకున్నది ఆ వాదనలే. మా భువనగిరిలో ఈ సంగతి చెబితే "దాంతోని నౌకరి దొరుకుతదా బిడ్డా?" అని అడిగేవాళ్లు. దొరికిందన్నా నమ్మేవాళ్లు కాదు.

శాఖలో నా పని జిల్లాల్లో బయటపడిన అరబ్బీ, ఫారసీ శాసనాలను చదివి నివేదిక రాయడం. అరామిక్‌తో మన దగ్గర పని పడుతుందని నేను కలలో కూడా అనుకోలేదు. మే నెలలో కోస్గి వైపు నుంచి ఒక మండల రెవెన్యూ అధికారి ఫోను చేశాడు. భూమిలో పాత వస్తువు ఏది దొరికినా ముందు ఆయనకు తెలియాలి. దొరికిన తీరును ఊరి పెద్దల సాక్ష్యంతో ఆయన రాయిస్తాడు, దాన్నే పంచనామా అంటారు. మట్టి గిన్నె దొరికిందని, లోపలి వైపు చుట్టలు చుట్టలుగా రాత ఉందని, ఊళ్లో ఉర్దూ చదివినవాళ్లకూ అంతు చిక్కలేదని చెప్పాడు. అది ఒక ఇంటి గడప కింద బోర్లించి ఉందనేసరికి నాకు కుర్చీలో కూర్చోబుద్ధి కాలేదు. పాతకాలపు ఇరాక్‌లో అట్లాంటి గిన్నెలను గడపల కింద బోర్లించి పాతేవాళ్లు. వాటి మీద రాసేది అరామిక్‌లోనే. అది పాలమూరు పల్లెకు ఎట్లా వచ్చిందోనన్న ఉబలాటంతో భూతద్దం, టార్చి సంచిలో వేసుకుని బస్సెక్కాను.

ఆయన ఫోనులో చెప్పని సంగతి కోస్గిలో జీపు ఎక్కాక చెప్పాడు. ఆ ఇంటి కోడలు పద్మ బాలింత. కాన్పయిన వారానికి ఒళ్లు కాలిపోయే జ్వరం వచ్చి, మనుషులను గుర్తు పట్టక అరుస్తోంది. పూనకంలో దేవర చెప్పేవాడొకడు వచ్చి గడప తవ్వమన్నాడు. తవ్వితే గిన్నె వచ్చింది. ఊరు దాన్ని బాణామతి అంది. చేతబడికి అక్కడి పేరు అది. ఆ గిన్నె తనదేనని, గడప కింద పెట్టింది కూడా తానేనని గాజులమ్మే మహబూబ్బీ ఒప్పుకుంది. ఆమెను చావడి దగ్గర కట్టేశారు.

"ఎస్సై మంత్రి గారి బందోబస్తుకు పోయిండు మేడం. ఇద్దరు జవాన్లే ఉన్నరు. రాతల ఏమున్నదో తేలినంకనే ఆమెను ఇడుస్తమంటున్నరు. మంచిదైతే సరే. కాదంటే నా చేతుల లేదు" అన్నాడాయన.

బాణామతి చేసిందని నమ్మిన మనిషికి ముందరి పళ్లు ఊడగొట్టడం ఆ రోజుల్లో ఆ వైపు ఉండేది. నోటి వెంట మంత్రం సరిగా పలకకూడదని. అంతటితో ఆగిన ఊళ్లున్నాయి, ఆగని ఊళ్లున్నాయి. నా ఉబలాటం కోస్గిలోనే దిగిపోయింది.

చావడి ముందు ఊరంతా ఉంది. మహబూబ్బీని రాతి కంబానికి కట్టి కూర్చోబెట్టారు. యాభై దాటిన మనిషి. గాజుల మలారం పక్కన పడి ఉంది, సగం గాజులు పగిలి ఉన్నాయి. అరుగు మీద కంసాలి పటకారు ఒకటి పెట్టి ఉంది. దాన్ని ఎవరూ చేత పట్టుకోలేదు, ఎవరూ తీయనూ లేదు. ఎదురింట్లోంచి పద్మ అరుపులు వినిపిస్తూనే ఉన్నాయి.

నేను ముందు మహబూబ్బీతో మాట్లాడాను. భర్త ఖాజా తాపీమేస్త్రీగా ఇరాక్ పోయి, అక్కడ పునాదులు తీస్తుంటే దొరికిన గిన్నెను తెచ్చుకున్నాడు. ఆయన చనిపోయి ఏడాదైంది.

"గడప కింద బోర్ల పెడితే షైతాన్ లోపటికి రాదని ఆడ ఒక ముసలాయన మా ఆయనకు చెప్పిండట మేడం. పద్మకు రెండుసార్లు కడుపు పోయింది. ఈసారన్న నిలవాల్నని పెట్టిన. నా బిడ్డ అసోంటిది. నేనెందుకు చెడగొడత?"

ఆమె చెప్పింది నిజమేనని నాకు అనిపించింది. కానీ నన్ను అడిగింది ఆమె సంగతి కాదు, గిన్నె సంగతి. ఇక్కడ వృత్తి విషయం ఒకటి చెప్పాలి. ఈ గిన్నెలు చాలావరకు రక్షణకు రాసినవే. కొన్ని మాత్రం పగవాడి మీదికి కీడును తిప్పి కొట్టడానికి రాసినవి. చదివితే తప్ప ఏది ఏదో తెలియదు. గిన్నె నడుమ ఒక బొమ్మ ఉంది. జుట్టు విరబోసుకున్న ఆడ ఆకారం, కాళ్లకు గొలుసులు. "గది మా పద్మే" అని గుంపులోంచి ఎవరో అన్నారు. అది దయ్యం బొమ్మ. దాన్ని కట్టేసినట్టు గీయడం ఆనవాయితీ. ఆ మాట చెప్పినా ఎవరూ నమ్మే స్థితిలో లేరు.

అంజిలయ్య అనే పెద్దమనిషి అరుగు మీద కూర్చుని ఉన్నాడు. చుట్టుపక్కల పల్లెల్లో కుల పంచాయితీలు తీర్చేది ఆయనే. నేను మనసులో చదువుకోబోతుంటే ఆపాడు.

"బయటికి చదువు బిడ్డా. లోపల్లోపల చదివేదే మంత్రం."

సరే అన్నాను. కావాలంటే అబద్ధం ఆడవచ్చు, పట్టుకునేవాళ్లు ఆ జిల్లాలోనే లేరు. అబద్ధానికి నాకేమీ అభ్యంతరం లేదు. గొంతు సహకరించదేమోననే భయపడ్డాను. ఇంకో భయం కూడా ఉంది. పెండ్లి కాని ఆడమనిషిని, ఎవరికీ తెలియని భాషలో దయ్యాల పేర్లు పైకి చదవబోతున్నాను. ఆ ఊళ్లో అట్లాంటి ఆడవాళ్లను ఏం చేస్తారో నా ఎదురుగా కంబానికి కట్టేసిన మనిషిని చూస్తే తెలుస్తోంది.

రాత నడుమ నుంచి అంచుకు చుట్టలుగా పోతుంది. మొదటి చుట్ట అరిగిపోయింది. రెండో చుట్టలో ఒక ఆడమనిషి పేరు, ఫలానామె కూతురని తల్లి పేరు వచ్చాయి. ఉన్నది ఉన్నట్టు చెప్పాను. చెప్పాక తెలిసింది, ఎంత పని చేశానో. పద్మ అత్త బాలకిష్టమ్మ గుండెలు బాదుకుంది.

"తల్లి పేరు పెట్టేది చేతబడికేగదనే! నాయిన పేరు లేదా దానికి?"

గుంపు ఒక్క అడుగు ముందుకు జరిగింది. జవాన్లిద్దరూ ఒక్క అడుగు వెనక్కి జరిగారు. మహబూబ్బీ కళ్లు మూసుకుంది. భూతద్దాన్ని గిన్నె అంచుకు ఆనించి మూడో చుట్ట చదివాను. అక్కడ నాకు బాగా తెలిసిన మాటలు కనిపించాయి. నేను ఏళ్ల తరబడి చదివిన విడాకుల పత్రంలోని మాటలు. యూదు ధర్మంలో మగడు పెండ్లాన్ని విడిచిపెట్టాలంటే అరామిక్‌లో పత్రం రాసి ఇవ్వాలి. గిన్నె రాసినవాడు ఆ పత్రాన్నే దయ్యం పేరున రాశాడు. నీకు విడుదల రాసి ఇచ్చాము, ఈ ఇల్లు విడిచిపో, మళ్లీ రావద్దు అని దాని సారాంశం.

"ఇది దయ్యానికి ఇచ్చిన ఇడుపు కాయితం" అన్నాను.

ఇడుపు కాయితమంటే ఆ వైపు పంచాయితీలో రాసే విడాకుల పత్రం. అంజిలయ్య జీవితమంతా రాయించింది అవే. ఆయన ముఖంలో కోపం పోయి పని వచ్చింది. రబ్బీలు అడిగిన ప్రశ్నలనే వరసగా అడగసాగాడు. పేరు, ఊరు సరిగా ఉన్నాయా? సాక్షులెవరు? దేవదూతల పేర్లు రాసి ఉన్నాయని చెప్పాను.

"మరి ముట్టిందనేదానికి గురుతేంది? చేతుల పెట్టకుంటే ఇడుపు కాదు."

"చేతిలో పెట్టకున్నా ఆమె వాకిట్లో వేస్తే ముట్టినట్టే అని వాళ్ల ధర్మం. అందుకే గడప కింద పెట్టేవాళ్లు" అన్నాను. నేను కల్పించింది కాదు. ఆ గ్రంథాల్లో దాని మీద పేజీల కొద్దీ వాదన ఉంది.

అంజిలయ్య గుంపు వైపు తిరిగాడు. "గట్లయితే మహబూబ్బీ చేసింది చెడ్డ పని కాదు. కని గీ కాయితం ఎవలదో పేరు మీద ఉన్నది. మా పద్మను పట్టినదానికి ఇది ముట్టది. నువ్వే రాయి, మా పిల్ల పేరున."

నేను ఎమ్మార్వో వైపు చూశాను. ఆయన జీపు వైపు చూశాడు. ఇంట్లోంచి కొత్త మూకుడు తెచ్చి నా ముందు పెట్టారు. రాస్తే నేనూ మంత్రగత్తెనే. రాయకపోతే పటకారు అక్కడే ఉంది. పెన్ను తీసి, పద్మ తల్లి పేరు ఏమిటని అడిగాను. ఆ ప్రశ్న ఎవరు అడుగుతారో ఆ ఊరికి తెలుసు. చివరకు బాలకిష్టమ్మే "లచ్చమ్మ" అంది. దయ్యాలను నమ్మని నేను దయ్యం పేరు పక్కన ఆ పిల్ల పేరు అరామిక్‌లో రాశాను. జ్వరం తగ్గకపోతే ఈ రాత నాది. ఆ తరువాత కంబం కూడా నాదే.

రాసిన మూకుడును ఆ గడప కిందే బోర్లించి పూడ్చారు. అది అయ్యాక మిగతా ధర్మం కూడా చెప్పాను. ఇడుపు అయిన ఇద్దరూ ఒక్క వాకిట్లో ఉండకూడదు. దయ్యం ఇల్లు ఖాళీ చేసేదాకా పద్మను ఊరు దాటించాలి. అట్లాగే ఇడుపు పత్రం తెచ్చిన మనిషి పెద్దల ముందుకు వచ్చి వాంగ్మూలం చెప్పాలి. గిన్నె తెచ్చింది మహబూబ్బీ, కాబట్టి ఆమె కోస్గి కచేరీకి రావాలి. రెండు నియమాలూ నిజంగా ఉన్నవే, రాసినవాళ్లు దయ్యాల కోసం రాయలేదు అంతే. అంజిలయ్య తలూపాడు. "ధరమమే. ఇప్పండి." జీపులో వెనక సీటు మీద పద్మను పడుకోబెట్టి, ఆమె తలను మహబూబ్బీ ఒళ్లో పెట్టారు. పసిపిల్లను బాలకిష్టమ్మ ఎత్తుకుంది. ఊరి పొలిమేర దాటేదాకా నేను వెనక్కి తిరిగి చూడలేదు.

పాలమూరు దవాఖానలో డాక్టరు తిట్టినంతగా నన్ను ఎవరూ తిట్టలేదు. కాన్పులో మాయ ముక్క లోపల ఉండిపోయి చీము పట్టిందట. ఇంకొక్క పూట ఆగితే తెచ్చి లాభం లేదన్నాడు. పద్మ బతికింది. ఊరు ఆ బతుకును మూకుడు ఖాతాలో వేసింది.

పాత గిన్నెకు శాఖ స్టోరులో ఒక నంబరు వచ్చింది. మహబూబ్బీ మళ్లీ ఆ ఊరికి పోలేదు. నకిరేకల్‌లో తమ్ముడి దగ్గర చేరింది. అక్కడికీ కబురు పాకి, దయ్యాలకు ఇడుపు ఇప్పించే మనిషని జనం వెతుక్కుంటూ వచ్చేవాళ్లు. ఒకసారి చూడబోతే తలుపు సందులోంచే మాట్లాడింది. "ఇయ్యాల మంచిగైతదని వస్తరు మేడం. రేపు కాకుంటే?" అంది. నాకూ అదే భయం ఉండేది. నేను రాసిన మూకుడు ఆ గడప కిందే ఉంది. ఆ ఇంట్లో ఎవరికి జ్వరం వచ్చినా మళ్లీ తవ్వుతారు. కోస్గి నుంచి ఫోనంటే పదవీ విరమణ దాకా నాకు చేతులు చల్లబడేవి.

కొత్తగా చేరిన శాసన పరిశోధకులకు శిక్షణ తరగతులు చెప్పేటప్పుడు లిపి కంటే ముందు వాళ్లకు ఒక పద్ధతి చెప్పేదాన్ని. రాత దొరికిందని ఎక్కడి నుంచి పిలుపు వచ్చినా, దాని పేరు చెప్పి ఎవరినైనా పట్టుకున్నారా అని మొదట అడగండి. పట్టుకుని ఉంటే, ఆ మనిషి ఊరు దాటిన తరువాతే భూతద్దం బయటికి తీయండి.