గంగమ్మకిచ్చిన తాళం

మొగల్తూరు వెళ్ళే రోడ్డు పక్కన నా షెడ్డు. కార్లు బాగుచేస్తాను. ఈమధ్య వాటి తాళాలు, అదే కీలు కూడా చేస్తున్నాను. అందుకోసం పలకంత మిషను ఒకటి కొన్నాను. స్టీరింగు కింద ఉండే సాకెట్లో దాని వైరు గుచ్చితే కారు తన కడుపులో ఉన్నదంతా చెప్పేస్తుంది. ఏ బటను నొక్కితే ఏం చెబుతుందోనని పనిలేనప్పుడు నా సొంత కారుకే తగిలించుకుని కూర్చుంటాను. అది నా రెండో సంసారం అంటుంది మా ఆవిడ. అననీండి.

ఆవేళ పొద్దున్నే ఒక తల్లీ కొడుకూ పాత కారుని ట్రాక్టరుకి తాడు కట్టి లాక్కొచ్చారు. సముద్రం ఒడ్డున చేపలు పట్టుకునే కుటుంబం. కొడుకు నడుముకి బెల్టు పెట్టుకుని బిగదీసుకుని నిలబడ్డాడు. వల లాగుతూ పడవలోనే పడ్డాడట. మళ్ళీ ఆ పనికి వెళ్తే ఇంక మంచానికే అంకితం అని డాక్టరు చెప్పేశాడట. అందుకని పడవలో తన వాటా అమ్మేసి, అద్దెకి తిప్పుకుందామని ఈ కారు కొన్నాడు. కొన్నరోజు బాగానే నడిచింది. మర్నాటి నుంచి స్టార్టవడం, వెంటనే ఆగిపోవడం. ఇది కదలకపోతే సోమవారం నుంచి వేరేవాళ్ళ పడవ మీద కూలికి వస్తానని ఆ పడవాయనకి మాటిచ్చేశాడు. కొడుకు ఆ మాట చెబుతున్నంతసేపూ తల్లి నా షెడ్డు గోడకేసి చూస్తూ ఉండిపోయింది.

తాళం తిప్పి చూశాను. ఇంజను అందుకుంది, ఆగింది. డాష్‌బోర్డు మీద కీ బొమ్మ లైటు టపటపా కొట్టుకుంది. పెట్రోలు బానే ఉంది, బ్యాటరీ బానే ఉంది. కారు ఈ కీని గుర్తుపట్టట్లేదు, అంతే. ఊడదీసి చూస్తే కీ లోపల ఖాళీ. కారు గుర్తుపట్టే చిప్పు ఉండాల్సిన చోట ఏమీ లేదు. పాత ఓనరెవరో బజార్లో కోయించుకున్న ఉత్త డూప్లికేటు అది. తలుపు తీస్తుంది, ఇంజన్ని మాత్రం నడవనివ్వదు.

మరి మొదటిరోజు ఎలా నడిచినట్టు? నాకు అది తేలేదాకా కాలు నిలవదు. ఇంకో కీ ఉండాలి కదయ్యా అని కొడుకుని పట్టుకున్నాను. అతను నసిగి తల్లి వైపు చూశాడు. చివరికి ఆవిడే చెప్పింది. వాళ్ళింట్లో కొత్త వల వేస్తే, మొదటిసారి పడ్డ చేపల్లో మంచిదాన్ని ఏరి గంగమ్మకని మళ్ళీ నీళ్ళలో వదిలేస్తారట. మరి కారుకి ఏం వదలాలి? అమ్మినవాడు తాళాలు రెండిచ్చాడు. ఒకటి అరిగిపోయి బోసిగా ఉంది, ఒకటి నల్లగా బటన్లతో నిగనిగలాడుతోంది. అమ్మవారికి అరిగినది ఇస్తామా? పసుపు రాసి, కుంకం పెట్టి, కొన్నరోజు సాయంత్రం మంచిదాన్నే సముద్రంలో వేసింది. రెండూ తిరుగుతున్నాయి కదా, తేడా ఏముంటుందిలే అనుకున్నాడట కొడుకు. నాకు నవ్వు ఆగలేదు. ఆవిడ నవ్వకపోయేసరికి నోరు మూసుకున్నాను.

పని మొదలెట్టాను. ఆ బోసి కీ కొలతకే చిప్పున్న కొత్తది కోశాను. మిషను తగిలించాను. కారు తన రహస్య నంబరు ఊరికే చెప్పదు, చాలాసేపు కూర్చోబెడుతుంది. ఈలోపు బ్యాటరీ దిగిపోకుండా ఛార్జరు పెట్టాను. ఆ ఎదురుచూపు నాకు మహా ఇష్టం. వాళ్ళిద్దరికీ ప్రాణసంకటం. ఎట్టకేలకు నంబరు వచ్చింది, దాని కింద నమోదైన కీలు ఒకటి అని వచ్చింది, అంటే సముద్రంలోదే. పాతది చెరిపెయ్యమంటారా అని అడిగింది. పోయిన కీని చెరిపెయ్యడం మా పనిలో పద్ధతి, ఎవడికైనా దొరికితే బండి ఎత్తుకుపోతాడు. చేసేది పైకి చెప్పుకుంటూ చెయ్యడం నా అలవాటు. పాత తాళాన్ని కారు మర్చిపోతుందమ్మా, ఇంక అది చెల్లదు అన్నాను.

ఆవిడ గబగబా వచ్చి నా చెయ్యి పట్టుకుంది.

"వద్దు బాబూ. ఈ తాళం తీసుకుని నా కొడుకుని వదిలెయ్యి తల్లీ అని మొక్కి ఇచ్చాను. అది చెల్లదంటే ఆ గంగమ్మ వీణ్ణి అడుగుద్ది."

కొడుకు విసుక్కున్నాడు. అమ్మ మాటలకేంగానీ చెరిపెయ్యండి మేస్త్రీగారూ, ముందు బండి నడవాలి అన్నాడు. ఉప్పునీళ్ళలో ఆ కీ ఎప్పుడో చచ్చి ఉంటుంది. అయినా సరే, చెరపకుండా దారి ఏదైనా ఉందేమో చూద్దామనిపించింది. వెనక్కి వెళ్ళి కొత్త కీ చేర్చడం అన్నదాన్ని నొక్కాను. కొన్ని కార్లు పాత కీ చూపిస్తేగానీ ఒప్పుకోవు. ఇది నంబరొక్కటే అడిగింది. ఇచ్చాను. కొత్త కీ పెట్టి తిప్పమంది. తిప్పాను. నమోదైన కీలు రెండు అని వచ్చింది.

ఆ అంకె ఆవిడకి చూపించాను. సముద్రంలోది లెక్కలోనే ఉందమ్మా, దాని పక్కన ఇది చేరింది అన్నాను. ఆవిడ ఆ తెరని వేలితో ముట్టుకుని కళ్ళకద్దుకుంది.

కొడుకు స్టార్ట్ చేశాడు. ముగ్గురం లైటు కేసే చూస్తున్నాం. అది వెలిగి ఆరిపోయింది. ఇంజను ఆగలేదు. ఆనందంతో అతను దిగబోతుంటే తల్లి తలుపుకి అడ్డంగా నిలబడింది. ఇంజను నడుస్తుండగానే ఆ పడవాయనకి ఫోన్ చెయ్యమంది. ఇంటికెళ్ళి చేస్తాలే అంటే వినలేదు. అతను చేశాడు.

"సోమవారం నేను రావట్లేదన్నా," అన్నాడు. "ఇంకెప్పుడూ రాను."

అప్పుడు ఇంజను ఆపమంది ఆవిడ.